పోచంపల్లిలో అడిగినవాళ్ళ వాడ ఎటు?

ఊరు చూపించడం కూడా ఇప్పుడొక పని అయింది. పట్నాల నుంచి, పరాయి దేశాల నుంచి మనుషులు వస్తారు. గైడు ముందు నడుస్తాడు, వాళ్ళు వెనక నడుస్తారు. ఇది గుడి, ఇది పెద్దల ఇల్లు, ఇది మగ్గం అంటూ చెబుతాడు. రెండు గంటల్లో ఊరు అయిపోతుంది. ఈ పనిని తప్పుపట్టనక్కరలేదు. దాని మీద పది కుటుంబాలకు తిండి దొరికితే మంచిదే. కాని ఒక ఊరి కథ ఎక్కడ మొదలవుతున్నది, ఎక్కడ ఆగిపోతున్నది అన్న సంగతి మాత్రం వ్యవసాయ కార్మికులు పట్టించుకోవలసినదే. కథలో చోటు దొరకని వాళ్ళకు భూమి రికార్డుల్లోనూ చోటు దొరకడం కష్టమవుతున్నది.

ఈ మాట మాకు పోచంపల్లి వీధుల్లో నడిచినప్పుడు బాగా తెలిసివచ్చింది. అనంతగిరి మండలం నుంచి మేము కొంతమందిమి నాట్లు ముగిసి కలుపులు మొదలుకాక మునుపు అక్కడికి పోయాం. మాలో సగానికి పైగా నాటు ముఠాల్లో పనిచేసే ఆడవాళ్ళు. ఊరు చూడడానికి డబ్బు పెట్టి పోవడమేమిటని ఇంటి దగ్గర కొందరు నవ్వారు కూడా. అయినా పోయాం. ఎందుకంటే పోచంపల్లి మనకు పరాయి ఊరు కాదు. ఇప్పుడు అది యాదాద్రి భువనగిరి జిల్లా, మనది సూర్యాపేట జిల్లా. 2016లో జిల్లాలు చీలకముందు కోదాడ, సూర్యాపేట, పోచంపల్లి అన్నీ ఒకే నల్లగొండ జిల్లాలోవి. 1946-51లో భూమి కోసం రగిలింది కూడా ఈ జిల్లాయే.

ప్రపంచం మెచ్చిన ఊరు

2021లో ఐక్యరాజ్యసమితికి చెందిన ప్రపంచ పర్యాటక సంస్థ ఉత్తమ పర్యాటక గ్రామాలను ఎంపిక చేసింది. అందులో మన దేశం నుంచి పోచంపల్లి ఉన్నది. అంతకుముందే, 2005లో, పోచంపల్లి ఇక్కత్‌కు భౌగోళిక గుర్తింపు వచ్చింది. చూడడానికి వచ్చేవాళ్ళు ఎక్కువగా రెండు సంగతుల కోసం వస్తారు. ఒకటి భూదానం, రెండోది చీర.

మాకు ఊరు చూపించిన యువకుడు మగ్గం ఇంట్లో పుట్టినవాడే. మాట మంచిది, ఓపిక మంచిది. వినోబా పేరిట ఉన్న మందిరం చూపించాడు. వినోబా విగ్రహం, భూమి ఇచ్చిన వెదిరె రామచంద్రారెడ్డి విగ్రహం చూపించాడు. నూటొక్క దర్వాజాల ఇల్లు చూపించాడు. ఆ ఇంటి ముందు నిలబడి అందరూ దర్వాజాలు లెక్కపెడతారు. మా వాళ్ళలో ఒకామె మాత్రం, "ఇన్ని దర్వాజాలు చెక్కిన వడ్లోళ్ళు ఎవరు బిడ్డా? గోడలు లేపినోళ్ళు ఎవరు?" అని అడిగింది. యువకుడు నవ్వి, "ఈ మాట ఇప్పటిదాక ఎవరూ అడగలేదు పెద్దమ్మా" అన్నాడు.

మేము అడిగిన ప్రశ్నలన్నీ దాదాపు అట్లాంటివే. చేసిందెవరు? అడిగిందెవరు? తిన్నదెవరు? ఈ మూడు ప్రశ్నలు చేతిలో పెట్టుకొని నడిస్తే ఏ ఊరైనా వేరేగా కనిపిస్తుంది.

1951 ఏప్రిల్ 18

భూదానం కథను గైడు చెప్పినట్లే ముందు చెప్పుకుందాం. 1951 ఏప్రిల్‌లో హైదరాబాదు పక్కన శివరాంపల్లిలో సర్వోదయ సమ్మేళనం జరిగింది. అది ముగిశాక ఆచార్య వినోబా భావే తెలంగాణలో కాలినడకన బయలుదేరాడు. ఏప్రిల్ 18న పోచంపల్లి చేరాడు. అక్కడి హరిజనవాడ మనుషులను మీకేం కావాలని అడిగాడు. భూమి కావాలన్నారు. ఎంత కావాలంటే లెక్క కూడా చెప్పారు. 40 కుటుంబాలకు 80 ఎకరాలు. అందులో 40 తరి, 40 ఖుష్కి. ప్రభుత్వాన్ని అడిగి చూస్తానన్న వినోబా, ఊరివాళ్ళలో ఎవరైనా ఇవ్వగలరా అని కూడా అడిగాడు. రామచంద్రారెడ్డి లేచి 100 ఎకరాలు ఇస్తానన్నాడు. అక్కడితో భూదానోద్యమం పుట్టింది. ఊరి పేరు భూదాన్ పోచంపల్లి అయింది.

ఇంతవరకు కథ నిజమే. వినోబా నిజాయితీని మేము శంకించడం లేదు. రామచంద్రారెడ్డి ఇచ్చిన మాటను తక్కువ చేయడం లేదు. అయితే ఈ కథలో రెండు సంగతులను మనం విడిగా పట్టుకోవాలి.

మొదటిది, ఆ రోజు అక్కడ ముందుగా పలికిన గొంతు భూమి లేనివాళ్ళది. దయ చూపండి అని వాళ్ళు చేతులు చాపలేదు. ఎన్ని కుటుంబాలు, ఎన్ని ఎకరాలు, ఎంత తరి, ఎంత ఖుష్కి అని కొలత వేసి చెప్పారు. అంటే తమకు ఎంత భూమి ఉంటే బతుకు నిలబడుతుందో వాళ్ళు అప్పటికే ఆలోచించి పెట్టుకున్నారు. అది బిచ్చం కాదు, డిమాండు.

రెండోది, ఆ గొంతుకు అంత ధైర్యం ఊరికే రాలేదు. 1946 జూలై 4న కడివెండిలో దొడ్డి కొమరయ్య నేలకొరిగిన నాటి నుంచి తెలంగాణ పల్లెలు వెట్టికి, బేదఖళ్ళకు ఎదురు తిరిగి ఉన్నాయి. సూర్యాపేట, హుజూర్‌నగర్, మిర్యాలగూడ తాలూకాల్లో సంఘాలు దొరల భూములను పంచాయి. 3,000 గ్రామాల్లో 10 లక్షల ఎకరాలు పంచినట్లు, 4,000 మంది ప్రాణాలిచ్చినట్లు పుచ్చలపల్లి సుందరయ్య తన గ్రంథంలో లెక్క రాశారు. 1948 సెప్టెంబరులో యూనియన్ సైన్యం వచ్చాక భూస్వాములు తిరిగి ఊళ్ళలోకి దిగి, పంచిన భూములను లాక్కోవడం మొదలుపెట్టారు. సాయుధ పోరాట విరమణ జరిగింది 1951 అక్టోబరులో. అంటే వినోబా పోచంపల్లి వచ్చేనాటికి పోరాటం ఇంకా నడుస్తూనే ఉన్నది. అడిగితే ఇవ్వాలి, ఇవ్వకపోతే నిలవదు అన్న సంగతి జిల్లాలో ప్రతి పెద్ద రైతుకూ తెలిసిన రోజులవి.

వినోబా ఆ విడత 51 రోజులు తెలంగాణలో నడిచాడు. సుమారు 12,000 ఎకరాలు దానంగా వచ్చాయి. ఆ తర్వాత దేశమంతా తిరిగి 5 కోట్ల ఎకరాలు సేకరించాలని లక్ష్యం పెట్టుకున్నాడు. వచ్చినది 50 లక్షలు కూడా దాటలేదు. అందులోనూ పెద్ద భాగం పేదల చేతికి చేరలేదు. కొంత రాళ్ళ భూమి, కొంత తగాదాల్లో ఉన్న భూమి, కొంత కాగితం మీద మాత్రమే ఉన్న భూమి. మనుషుల మనసు మారితే భూమి సమస్య తీరుతుందన్న ఆశకు ఈ లెక్కే జవాబు.

నడకలో లేని దారి

విగ్రహాల దగ్గర మా నాటు ముఠా మేస్త్రి, "తమ్ముడూ, ఇచ్చినాయన బొమ్మ చూపెట్టినవు, ఇప్పించినాయన బొమ్మ చూపెట్టినవు. అడిగినోళ్ళ వాడ ఎటు?" అని అడిగింది.

యువకుడు ఒక నిమిషం ఆగాడు. "అటు ఎవరూ పోదామనరక్కా. నడకలో అది లేదు. మీరు వస్తానంటే నేను తీసుకపోత" అన్నాడు. తీసుకుపోయాడు కూడా. అక్కడ అరుగు మీద కూర్చున్న ఒక ముసలాయన మా రాక సంగతి విని ఒక్క మాటే అన్నాడు. "మావోళ్ళు అడిగిన్రు కాబట్టే కథ అయింది. అడగకపోతే ఎవలిస్తరు?"

డెబ్బయి ఏళ్ళకు పైబడిన చరిత్రకు ఇంతకంటే మంచి వ్యాఖ్య మాకు ఏ పుస్తకంలోనూ కనపడలేదు.

చీర వెనక చెయ్యి

తర్వాత మగ్గాల ఇళ్ళకు పోయాం. పోచంపల్లి చీర మీద కనిపించే బొమ్మ నేసిన తర్వాత అద్దినది కాదు. నూలుకో పట్టుకో ముందే లెక్క ప్రకారం రబ్బరు పట్టీలతో ముడులు కట్టి, రంగులో ముంచుతారు. కట్టిన చోట రంగు ఎక్కదు. మళ్ళీ విప్పి, మళ్ళీ కట్టి, ఇంకో రంగులో ముంచుతారు. ఆ దారాలను వరస తప్పకుండా మగ్గం మీద కలిపితే బొమ్మ పడుతుంది. దీన్నే అక్కడ చిటికి కట్టడం అంటారు.

అంతకన్నా ముందు ఆసు పోయాలి. కొయ్య మేకుల చుట్టూ దారాన్ని అటూ ఇటూ తిప్పాలి. ఒక్క చీరకు వేల సార్లు చెయ్యి చాచి తీయాలి. ఈ పని ఎక్కువగా ఆడవాళ్ళదే. ఆలేరు పక్కన శారాజీపేటకు చెందిన చింతకింది మల్లేశం తల్లి లక్ష్మి భుజం నొప్పి చూడలేక 1999లో ఆసు యంత్రం తయారుచేశాడు. దానికి తల్లి పేరే పెట్టాడు. 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. ఆయన పెద్ద చదువు చదివినవాడు కాదు. పని చేసేవాళ్ళ నొప్పి పని చేసేవాళ్ళ ఇంట్లోవాడికే ముందుగా అర్థమైంది.

మా ఆడవాళ్ళు ఆసు దగ్గర చాలాసేపు నిలబడ్డారు. "మనకు నడుము పోతది, వీళ్ళకు భుజం పోతది" అన్నారు. వచ్చినవాళ్ళు చీర ధర అడుగుతారు. మేము మజూరి అడిగాం. సొంతంగా నేసి అమ్ముకునేవాళ్ళు కొందరు. చాలామంది నూలు ఇచ్చిన ఆసామి దగ్గరో సంఘం దగ్గరో పడుగు లెక్కన మజూరికి నేస్తారు. ఆ మజూరిలో ఆసు పోసిన భార్యకు, కండెలు చుట్టిన తల్లికి విడిగా లెక్క లేదు. ఇంటిల్లిపాది చేసిన పనికి ఒక్క మనిషి కూలి. గుత్త నాట్లలో నారు పీకిన చేతికి, మోసిన తలకు, నాటిన నడుముకు కలిపి ఎకరానికి ఇంత అని కట్టేది కూడా ఇదే పద్ధతి. కూలి మనిషికీ నేత మనిషికీ మధ్య ఉన్న దూరం మేము అనుకున్నంత లేదు.

మెక్సికో చెప్పే పాఠం

ఈ సంగతి మన ఒక్క చోటిదే కాదు. మెక్సికో దేశంలోనూ 2001 నుంచి ప్రభుత్వం చిన్న పట్టణాలను ఎంపిక చేసి, పాత వీధులు, చర్చీలు, సంతలు తిప్పి చూపించే పథకం నడుపుతున్నది. ఆ దేశంలోనే అనెనెకుయిల్కో అనే పల్లె ఉన్నది. చెరకు తోటల యజమానులు ఆ పల్లె భూములను మింగుతుంటే, 1909లో ఊరివాళ్ళు సభ చేసి ఎమిలియానో జపాటాను నాయకుడిగా ఎన్నుకున్నారు. అతని చేతిలో పెట్టింది తుపాకి కాదు, ఊరి పాత భూమి కాగితాలు. వాటిని కాపాడమన్నారు. తుపాకి తర్వాత వచ్చింది. 1919లో జపాటాను కుట్ర చేసి చంపారు. కాని 1917 రాజ్యాంగంలో ఊరి ఉమ్మడి భూమి హక్కుకు చోటు దొరికింది. 1992లో అదే రాజ్యాంగాన్ని సవరించి ఆ భూముల అమ్మకానికి దారి తెరిచారు. ఇప్పుడు జపాటా పుట్టిన ఇల్లు మ్యూజియం. నాయకుడిని అద్దాల వెనక పెట్టి, భూమిని బజారులో పెట్టవచ్చునని ఆ దేశం మనకు చూపిస్తున్నది.

మన ఊళ్ళో మన నడక

కనుక మా సూచన ఒకటే. ప్రతి గ్రామంలో వ్యవసాయ కార్మిక సంఘం ఒక నడక పెట్టాలి. పరాయివాళ్ళకు చూపించడానికి కాదు, మనం చూసుకోవడానికి. గ్రామ నక్షా చేతిలో పెట్టుకొని పొలిమేర నుంచి పొలిమేర దాకా నడవాలి. ముసలివాళ్ళను ముందు నడిపించాలి, చదువుకున్న పిల్లలు రాసుకోవాలి.

లావుణి పట్టా ఇచ్చిన భూమి ఏది? ఇప్పుడు సాగు చేస్తున్నది ఎవరు? 1973 సీలింగ్ చట్టం కింద తేలిన మిగులు భూమి ఎక్కడ? భూదాన భూమి ఉంటే సర్వే నంబరు ఎంత? ఇనాం భూమి, చెరువు శిఖం, శ్మశానం ఎంత మిగిలాయి? 1954-55 ఖాస్రా పహాణీలో ఎవరి పేరున్నది, ఇప్పటి పాసుపుస్తకంలో ఎవరి పేరున్నది? ఈ రెండు కాగితాలు పక్కపక్కన పెడితే సగం కథ బయటపడుతుంది.

చట్టం మన వైపు ఉన్న చోట దాన్ని వాడుకోవాలి. 1965 భూదాన, గ్రామదాన చట్టం ప్రకారం భూదాన భూమి పేదలకు సాగు కోసం ఇచ్చేది, అమ్ముకోవడానికి వీల్లేనిది. 1977 చట్టం అసైన్డు భూముల బదిలీని నిషేధించింది. 2005 సమాచార హక్కు చట్టం కింద కాగితాలు అడిగే హక్కు మనకున్నది. 2020లో ధరణి వచ్చింది, 2025లో దాని స్థానంలో భూభారతి వచ్చింది. పేరు ఏదైనా, నడిచి చూసి, రాసుకొని, నలుగురూ కలిసి అడిగినప్పుడే పేదవాడి పేరు రికార్డుకెక్కుతుంది. ఒక్కడు పోతే రేపు రమ్మంటారు. ఊరు కదిలి పోతే కుర్చీ వేస్తారు.

పోచంపల్లిలో 40 కుటుంబాలు లెక్క కట్టి అడిగాయి. మనం కూడా లెక్క కట్టాలి. ఏ వాడలో ఎన్ని కుటుంబాలు, ఎన్ని ఎకరాలు, ఎంత తరి, ఎంత ఖుష్కి అని రాసిన కాగితం ప్రతి సంఘం దగ్గర ఉండాలి. ఈ కలుపుల రోజులు గడిచేలోగా ఆ పని మొదలుపెట్టాలి.