రూపాయి పన్నెండణాల అప్పుతో...

మండపేటలో పొద్దున్నే టీకొట్టు బల్లమీద 'హిందూ' పేపరు విప్పేవాళ్లలో ఎంతమందికి తెలుసు, ఆ పత్రిక పుట్టుకలో మన గోదావరి వకీలు ఒకాయన చెయ్యి ఉందని? ఆయనే న్యాపతి సుబ్బారావు పంతులు. మండపేట నుంచి గంట ప్రయాణం దూరంలోని రాజమండ్రే ఆయన కార్యక్షేత్రం.

1878. మద్రాసు హైకోర్టు జడ్జీగా తొలిసారి ఓ భారతీయుణ్ని, ముత్తుస్వామి అయ్యర్‌ని నియమించారు. తెల్లవాళ్ల పత్రికలు గగ్గోలు పెట్టాయి. వాటికి జవాబు చెప్పడానికి మనకో పత్రిక లేదే! తిరువల్లిక్కేణిలోని ఆరుగురు కుర్రాళ్లకు ఒళ్లు మండింది. ఇద్దరు పంతుళ్లు, నలుగురు లా విద్యార్థులు. ఆ నలుగురిలో 22 ఏళ్ల సుబ్బారావు ఒకరు. రూపాయి పన్నెండణాలు అప్పు చేసి, సెప్టెంబరు 20న 80 ప్రతులు అచ్చేయించారు. అప్పట్లో అది వారపత్రిక.

కథ గొప్పగా చెప్పేవాళ్లు ఒక సంగతి మింగేస్తుంటారు. చదువులవగానే లా విద్యార్థులు నలుగురూ ఎవరి దారిన వాళ్లు వెళ్లిపోయారు. పత్రిక బరువు మోసింది పంతుళ్లు సుబ్రహ్మణ్య అయ్యర్, వీరరాఘవాచారి.

సుబ్బారావు రాజమండ్రిలో ప్లీడరీ పెట్టారు. పేరొచ్చింది. పురపాలక సంఘం అధ్యక్షులయ్యారు, 1890ల్లో మద్రాసు శాసనమండలికీ వెళ్లారు. అయినా పత్రికల పిచ్చి వదల్లేదు. 1891లో 'చింతామణి' మాసపత్రిక పెట్టి, సంపాదకత్వం కందుకూరి వీరేశలింగం గారి చేతిలో పెట్టారు. నవలలకు పోటీలు పెట్టి బహుమతులివ్వడం తెలుగునాట అప్పటికి కొత్త. చిలకమర్తి లక్ష్మీనరసింహం 'రామచంద్ర విజయం' ఆ పోటీల్లో గెలిచిందే.

అసలు పరీక్ష అరవై ఏళ్ల వయసులో ఎదురైంది. 1914లో బెజవాడలో ఆంధ్ర మహాసభకు అధ్యక్షత వహించిన ఆయనే, ఆ ఏడాది నుంచి అఖిల భారత కాంగ్రెస్ ప్రధాన కార్యదర్శి కూడా. తెలుగువాళ్లకు వేరే కాంగ్రెస్ సంఘం కావాలన్న మాట 1917లో కలకత్తాలో చర్చకొచ్చింది. అధ్యక్షురాలు అనిబిసెంట్ ససేమిరా అన్నారు. సంస్కరణలు వచ్చేదాకా ఆగొచ్చు కదా అన్నారు గాంధీజీ. తిలక్ మాత్రం తెలుగువాళ్ల పక్షాన నిలిచారు. ఒప్పించడానికి మనవాళ్లు చెమటోడ్చాల్సి వచ్చింది. చివరికి సంఘం వచ్చింది. 1918 జనవరిలో ఏర్పడిన ఆంధ్ర కాంగ్రెస్ సంఘానికి తొలి అధ్యక్షులు సుబ్బారావు పంతులే, కార్యదర్శి కొండా వెంకటప్పయ్య. తమిళులూ తెలుగువాళ్లూ ఒకే మద్రాసు రాష్ట్రంలో ఉండగానే, కాంగ్రెస్‌లో మాత్రం ఆంధ్ర వేరైపోయింది!

జనం ఆయన్ని 'ఆంధ్ర భీష్మ' అన్నారు. 1941 జనవరి 15న, 85 ఏళ్ల వయసులో కన్నుమూశారు. ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది ఆ తర్వాత పన్నెండేళ్లకు, 1953 అక్టోబరు 1న.