ఆయిల్‌పామ్ తోటకు ఏడాదంతా ఎరువులు: ఎప్పుడు, ఎంత, ఎలా?



అశ్వారావుపేట, దమ్మపేట, సత్తుపల్లి ప్రాంతాల్లో పాత తోటలతో పాటు ఇప్పుడు అడవి అంచు ఊళ్లలోనూ ఆయిల్‌పామ్ మొక్కలు పెడుతున్నారు. పథకంలో మొక్కలు, డ్రిప్ వచ్చాక చాలామంది అడిగే ప్రశ్న ఒకటే: "గెలలు రాని తోటకు ఇప్పుడే ఎరువులెందుకు?"

ఎందుకంటే, మీరు కోసే గెల ఆ ఏడాది పుట్టింది కాదు. అది ఆడ పూత అవుతుందా, మగ పూత అవుతుందా అన్నది పూత బయటికి కనిపించడానికి సుమారు రెండేళ్ల ముందే మొవ్వులో తేలిపోతుంది. పూత వచ్చాక గెల పండటానికి మరో 5, 6 నెలలు పడుతుంది. ఈ ఏడాది ఎరువు ఎగ్గొడితే ఇప్పుడు తేడా తెలియదు. రెండు, మూడేళ్ల తర్వాత మగ పూతలు ఎక్కువై గెలలు తగ్గుతాయి. అప్పుడు రెట్టింపు వేసినా పోయిన గెలలు తిరిగిరావు.

ఒక్కో చెట్టుకు ఏడాదికి ఎంత?

• మొదటి ఏడాది: యూరియా 870 గ్రాములు, సూపర్ 1,250 గ్రాములు, పొటాష్ 670 గ్రాములు, మెగ్నీషియం సల్ఫేట్ 125 గ్రాములు
• రెండో ఏడాది: యూరియా 1,740 గ్రాములు, సూపర్ 2,500 గ్రాములు, పొటాష్ 1,330 గ్రాములు, మెగ్నీషియం సల్ఫేట్ 250 గ్రాములు
• మూడో ఏడాది నుంచి: యూరియా 2,600 గ్రాములు, సూపర్ 3,750 గ్రాములు, పొటాష్ 2,000 గ్రాములు, మెగ్నీషియం సల్ఫేట్ 500 గ్రాములు

ఇది సాధారణ మోతాదు. భూసార పరీక్ష చేయిస్తే మీ నేలను బట్టి అధికారి మార్చి చెప్తారు.

ఎప్పుడు వేయాలి?

మొత్తాన్ని 4 సమాన భాగాలు చేసి మూడు నెలలకోసారి వేయండి.

• జూన్: తొలకరి పడి నేల తడిశాక
• సెప్టెంబర్: వానలు తెరిపిచ్చినప్పుడు
• డిసెంబర్: తడి పెట్టి
• మార్చి: డ్రిప్ నడుస్తుంటేనే. ఎండిన పాదులో ఎరువు వేయొద్దు

జోరు వానల్లో వేస్తే, ముఖ్యంగా వాలు భూముల్లో, మీ డబ్బు వాగుపాలే.

ఎకరానికి 57 చెట్లు. మూడేళ్లు దాటిన తోటకు ఒక్కో విడతకు యూరియా 37 కిలోలు, సూపర్ 53 కిలోలు, పొటాష్ 28 కిలోలు, మెగ్నీషియం సల్ఫేట్ 7 కిలోలు కావాలి.

ఎలా వేయాలి?

మొదలు దగ్గర కుప్ప పోయకండి. మొదటి ఏడాది మీటరు, రెండో ఏడాది 2 మీటర్లు, మూడో ఏడాది నుంచి 3 మీటర్ల దూరం దాకా పాదులో కలుపు తీసి ఉంచండి. ఎదిగిన చెట్టుకు మొదలు నుంచి మూరెడు వదిలి, చుట్టూ చల్లి, పైపైన మట్టిలో కలిపి నీళ్లు పెట్టండి. లోతుగా తవ్వితే వేర్లు తెగుతాయి. యూరియా, తెల్ల పొటాష్ నీళ్లలో కరిగించి డ్రిప్‌లో ఇవ్వొచ్చు. సూపర్ మాత్రం పాదులోనే వేయాలి. నరికిన మట్టలను తగలబెట్టకుండా పాదులో పరవండి. వాటిలోని పొటాష్ తిరిగి చెట్టుకే చేరుతుంది.

చాలామంది చేసే పొరపాటు: పత్తికి తెచ్చిన 20-20 బస్తానే తోటకూ చల్లడం. అందులో పొటాష్ ఉండదు. గెల బరువుకు పొటాషే ముఖ్యం. అంతర పంట వేస్తే దాని ఎరువు దానికి విడిగా వేయండి.

ఆకు చెప్పే గుర్తులు

• ముదురు ఆకులపై నారింజ మచ్చలు: పొటాష్ లోపం
• ముదురు ఆకులు ఎండ తగిలిన చోట పసుపు, నారింజ రంగుకు మారి, నీడ పడిన చోట పచ్చగా ఉంటే: మెగ్నీషియం లోపం
• లేత ఆకుల కొసలు కొక్కెంలా వంగినా, ముడతలు పడినా: బోరాన్ లోపం. అధికారికి చూపించి బోరాక్స్ వేయండి

పథకం సొమ్ము ఎంత?

మొదటి 4 ఏళ్లు ఎకరానికి ఏడాదికి రూ.4,200 ఇస్తారు. ఇందులో తోట నిర్వహణకు రూ.2,100, అంతర పంటలకు రూ.2,100. మూడో ఏడాది నుంచి ఎరువుల ఖర్చుకు ఇది పూర్తిగా సరిపోదు. మీ చేతి నుంచి కొంత పెట్టుకోవాల్సి వస్తుంది. ముందే లెక్క వేసుకోండి. అంతా ఒకేసారి కొనలేకపోతే విడతకు కావాల్సినంతే కొనండి, కానీ విడత మానొద్దు.

అధికారి తోట చూడటానికి వచ్చినప్పుడు మొక్కలు బతికి, పాదులు శుభ్రంగా ఉండాలి. పట్టాదారు పాసుపుస్తకం, ఆధార్, బ్యాంకు పాసుపుస్తకం నకళ్లు దగ్గర పెట్టుకోండి. ఎరువులు కొన్న బిల్లులు దాచుకోండి. పోడు పట్టా భూమి అయితే మొక్క పెట్టకముందే అర్హత గురించి అడిగి తెలుసుకోండి.

సందేహం ఉంటే మీ రైతు వేదికలో గానీ, ఉద్యానశాఖ అధికారిని గానీ కలవండి. వెళ్లేటప్పుడు తేడాగా ఉన్న ఆకు ఫొటో ఫోన్‌లో తీసుకెళ్లండి.

ఈ పీడీఎఫ్‌ను మీ ఊరి రైతులకు పంపండి. చదవడం రానివారికి చదివి వినిపించండి.