బొమ్మగా దాస్తే చాలదు

తమిళనాడులోని ఒట్టన్‌చత్రం కూరగాయల మార్కెట్టు చుట్టుపక్కల ఊళ్ళలో ఇంట్లో తెలుగు మాట్లాడేవాళ్ళు ఎందరో ఉన్నారు. తెలుగు చదవగలిగినవాళ్ళు అరుదు. బడిలో తమిళ లిపి వచ్చింది, తెలుగు చెవిన పడి నిలిచింది. పాత చిన్న పత్రికలను కాపాడాలన్న మాట వచ్చినప్పుడల్లా నాకు ముందు ఈ సంగతే గుర్తొస్తుంది.

అలా కాపాడినవారు తమిళనాడులోనే ఉన్నారు. కోట్టైయూరులో, సైన్‌బోర్డులు రాసే రోజా ముత్తయ్య చెట్టియార్ జీవితమంతా తమిళ పుస్తకాలూ పత్రికలూ పోగుచేశారు. ఆయన 1992లో కన్నుమూశాక ఆ సంపద చెదిరిపోలేదు, 1994లో చెన్నైలో గ్రంథాలయమైంది. తెలుగులోనూ, 1924లో మద్రాసులో పుట్టి 1991లో ఆగిపోయిన ‘భారతి’ సంచికలు ఇవాళ స్కాన్లుగా దొరుకుతున్నాయి. పేరున్న పత్రిక కనుక దాన్ని పట్టించుకున్నారు. కొద్ది ప్రతులు అచ్చువేసి, పోస్టులో పంపి, డబ్బు చాలక ఆగిపోయిన పత్రికను ఎవరు పట్టించుకుంటారు? దాని ఆఖరి ప్రతి ఎవరింటి అటక మీదో ఉంటుంది.

ఆ ప్రతి దొరికి స్కాన్ చేసినా సగం పనే అయినట్టు. పేజీ బొమ్మను మనవాళ్ళలో ఎందరు చదవగలరు? అక్షరాలు యూనికోడ్‌లోకి, అంటే కంప్యూటరూ ఫోనూ అక్షరాలుగా గుర్తించే రూపంలోకి రావాలి. అప్పుడు ఫోనే పైకి చదివి వినిపిస్తుంది. తమిళ లిపిలోకీ మార్చుకోవచ్చు. కాకపోతే అక్కడ ‘గాలి’, ‘కాలి’ ఒకే రాతగా కనిపిస్తాయి. చెవితో నేర్చిన భాషకు చెవి దారే మేలు.

కంప్యూటర్‌లో కూర్చిన పత్రికలకు భయం లేదనుకోకండి. పేజ్‌మేకర్‌లో ‘అను’ ఫాంట్లతో చేసిన ఫైలును ఆ ఫాంట్లు లేకుండా తెరిస్తే ఒక్క తెలుగక్షరం కనబడదు, అన్నీ అర్థంకాని గుర్తులే. వాటిని యూనికోడ్‌కు మార్చే సాధనాలున్నాయి. ముందు ఫైలు దొరకాలి. డీటీపీ చేసినవారి దగ్గర పాత సీడీలుంటే ఇప్పుడే అడిగి తీసుకోవాలి.

కోవిల్‌పట్టి దగ్గరి ఇడైసెవల్‌లో తెలుగింట పుట్టిన రచయిత కి. రాజనారాయణన్, వలస వచ్చిన మనవాళ్ళ కథను ‘గోపల్ల గ్రామం’గా 1976లో తమిళంలో రాశారు. ‘కథైసొల్లి’ అనే చిన్న పత్రికనూ నడిపారు. మన కథ తమిళంలో అలా భద్రంగా ఉంది. తెలుగులో అచ్చయినవి మాత్రం ఇంకా అటకల మీదే ఉన్నాయి.

ఇంట్లో ఏ తెలుగు పత్రిక ఉన్నా పాతపేపర్ల బండికి వేయకండి. చదవడం వచ్చిన తాతయ్యో అమ్మమ్మో ఉంటే ఒక్క కథైనా పైకి చదివించి ఫోన్‌లో రికార్డు చేయండి. ఈ వ్యాసం వస్తున్న సావనీరునూ యూనికోడ్‌లో దాచమని, దాన్ని తెస్తున్న సంఘం పెద్దలకు నా మనవి.