చలనచిత్ర ప్రతుల సేకరణము – సంరక్షణము

తాటియాకుల గ్రంథము రెండు మూడు వందల యేండ్లు నిలుచుట మనమెరుగుదుము. ఫిల్ముపై నెక్కిన బొమ్మకు అంతటి యాయువు లేదు. హెచ్.ఎం. రెడ్డిగారి దర్శకత్వమున 1932లో వెలువడిన తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' ప్రతి నేడు లభ్యము కాదు. మూకీ కాలపు 'భీష్మ ప్రతిజ్ఞ' గతియు అదియే. ఈ నష్టమునకు హేతువేమి? మిగిలినదానిని కాపాడుటెట్లు? అనునవి యిచట విచార్యములు.

మొదటి హేతువు పదార్థ దోషము. 1950 ప్రాంతము వరకు వాడిన నైట్రేట్ ఫిల్ము మండుటకు వలయు ప్రాణవాయువును తనలోనే కలిగియుండును. అంటుకొన్నచో నీట ముంచినను ఆరదు. 2003 జనవరిలో పూనాలో జరిగిన అగ్నిప్రమాదమున అమూల్యములైన ప్రతులనేకము దగ్ధమైనవి. తరువాత వచ్చిన అసిటేట్ ఫిల్ము అట్లు భగ్గుమనదు గాని, వేడికిని తేమకును క్షీణించి పులిసిన వాసన గొట్టును. ఆ యావిరి ప్రక్కనున్న చుట్టలను సైతము చెరచును. రెండవ హేతువు మానవకృతము: ఆట ముగిసిన ప్రతులను అందలి వెండికై కరగించుట.

సేకరణము ఊహతో గాక కాగితముతో మొదలగును. హోసూరు చెంత తొరపల్లిలో 1878లో జన్మించిన రాజాజీని గూర్చి చిత్రము తీయదలచినవాడు, ముందుగా పత్రికలనుండి తేదీలు గుర్తించి, పిదప 1948లో నెలకొన్న ఫిల్మ్స్ డివిజన్ వార్తాచిత్రముల పట్టికలు పరిశీలింపవలయును. ఆ సంస్థయు, 1964లో పూనాలో స్థాపితమైన జాతీయ చలనచిత్ర భాండాగారమును, 2022లో జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థయందు విలీనమైనవి. దృశ్యము దొరకిన పిమ్మట హక్కుదారుని యనుమతి పొందవలయును.

సంరక్షణమునకు చల్లదనము, పొడితనము ప్రధానములు. మూలప్రతిని ఆడింపరాదు, నకలునే ఆడింపవలయును. డిజిటల్ నకళ్లను వేర్వేరు తావులందుంచి, అప్పుడప్పుడు సరిచూచుచుండవలయును.

ఇది పెద్ద సంస్థల పని మాత్రమే కాదు. మా కెలవరపల్లి ప్రాంతపు విద్యార్థి యొకడు ఒకనాడు బూజుపట్టిన వీడియో క్యాసెట్టు తెచ్చెను. అందు వాని అవ్వ పెండ్లిపాట పాడినదట. డబ్బాపై పేరు లేదు, తేదీ లేదు. దానిని వెంటనే యంత్రమున పెట్టవలదంటిని. బూజుతో ఆడించినచో టేపును చెడును, యంత్రమును చెడును. నిపుణుడు శుభ్రపరచి నకలు తీసిన పిదప ఆమె కంఠము వినబడినది. ఈ సీమ తెలుగు పలుకుబడి పుస్తకములకెక్కినది స్వల్పము. ఇట్టి టేపులే దానికి సాక్ష్యములు. కావున అట్టివి గలవారు నేడే డబ్బాపై ఎవరు, ఎచట, ఎప్పుడు అని వ్రాయుదురు గాక! చెప్పగల పెద్దలు ఇంకను మన నడుమ నున్నారు.