పచ్చికూరలకు నిమ్మరసము

ధర పడిపోయినపుడు కోఁతకూలియైన రాదని నిమ్మకాయలను చెట్టుననే విడుచు రైతులు గలరు. గూడూరు ప్రాంతమున నిది తెలియనివారుండరు. కొన్ని కాయలనైన నింటివాడుకకుఁ దెచ్చుకొనుఁడని మా మనవి.

ఒకపాలు రసమునకు రెండుపాళ్లు నువ్వులనూనె చాలును. వేరుసెనగనూనెయుఁ బనికివచ్చును గాని మాకు నువ్వులనూనెయే రుచి. ఉప్పును ముందుగా రసములోనే కరఁగింపవలెను. నూనెలో నది కరఁగదు. పిదపఁ జిటికెఁడు ఆవపిండి వేసి, నూనెను కొద్దికొద్దిగాఁ బోయుచు గిలకొట్టవలెను. ఆవపిండి లేనిచో రసమును నూనెయు వెంటనే విడిపోవును. పిండునపుడు తొక్కను మిక్కిలి యదిమినను, గింజలు పడి నానినను జేఁదెక్కును.

కళాయి పోయిన యిత్తడిగిన్నెలో దీనిని ముమ్మాటికిఁ గలుపరాదు. పులుపు తగిలి చిలుము రసములోనికి దిగును, అది విషము. జాడీయో గాజుగిన్నెయో మేలు. కాఁచిన సి విటమిను కొంత నశించును గావున పొయ్యి పనియే లేదు. దోస, ముల్లంగి, ఉల్లి ముక్కలపైఁ దినఁబోవునపుడే పోసికొనవలెను; ముందే పోసిన నీరూరి మెత్తఁబడును.