ఉడికిన సాసేజ్ ఎందుకు ఎర్రబడదు?

సింగపూర్‌లో బొగ్గుల మీద వండే మట్టికుండ అన్నంలో లాప్ చియోంగ్ అనే చైనా సాసేజ్ ముక్కలు వేస్తారు. నీరు ఇగిరాక కుండ అడుగున వేడి 100 డిగ్రీలు దాటి, అన్నం ఎర్రగా మాడుచెక్క కడుతుంది. స్లో కుక్కర్‌లో వేసిన సాసేజ్‌లు మాత్రం పాలిపోయే ఉంటాయి. మూత కింద తడి ఆరదు, తడి ఉన్నంతసేపూ వేడి 100 దాటదు. మాంసకృత్తులూ చక్కెరలూ కలిసి చకచకా ఎర్రబడాలంటే సుమారు 140 కావాలి. ఇంకో నాలుగు గంటలు ఉంచితేనో? కాస్త రంగు రావచ్చు గానీ, ఈలోగా తోలు చిట్లి కొవ్వు కారిపోతుంది. మరి పాలిపోయిందంటే పచ్చిదేగా అంటారా? కాదు. పంది మాంసం సాసేజ్ నడిమధ్యన 71 డిగ్రీలు చేరితే నిశ్చింతగా తినొచ్చు. ఆ సంగతి థర్మామీటర్ చెప్పాలి, రంగు కాదు. ఎరుపే కావాలంటే కుక్కర్‌లో వేసేముందు వేడి పెనం మీద కాసేపు దొర్లించాలి.