వార్తల్లో పదం: ఇన్ఫర్మేషన్ డిజార్డర్

అబద్ధపు ప్రచారం, గోప్యతా భంగం కలిసి సమాజాన్ని దెబ్బతీసే స్థితి ఇది. పరిశోధకులు క్లేర్ వార్డల్, హుస్సేన్ దెరఖ్షాన్ 2017లో కౌన్సిల్ ఆఫ్ యూరప్‌కు ఇచ్చిన నివేదికలో దీన్ని మూడు రకాలుగా విడదీశారు. తెలియక పంచే తప్పుడు సమాచారం మిస్‌ఇన్ఫర్మేషన్. కావాలని పుట్టించే అబద్ధం డిస్‌ఇన్ఫర్మేషన్. నిజమైన వ్యక్తిగత వివరాలనే కీడు తలపెట్టి బయటపెడితే మాల్‌ఇన్ఫర్మేషన్.

ఉదాహరణకు, 2020 సెప్టెంబరులో ఆంధ్రప్రదేశ్‌లోని అంతర్వేది లక్ష్మీనరసింహస్వామి ఆలయ రథం దగ్ధమైంది. కారణం తేలకముందే సోషల్ మీడియాలో ఊహాగానాలు చెలరేగాయి. రాష్ట్ర ప్రభుత్వం సీబీఐ దర్యాప్తు కోరింది. 2021 ఫిబ్రవరిలో కొత్త రథం సిద్ధమైంది.

ఇక మాల్‌ఇన్ఫర్మేషన్ విషయానికొస్తే, గోప్యత ప్రాథమిక హక్కేనని సుప్రీంకోర్టు 2017 ఆగస్టు 24న తీర్పు చెప్పింది. నిజమైనంత మాత్రాన ఇతరుల వివరాలను పంచే హక్కు మనకు లేదు. ఏ సమాచారాన్నైనా ఫార్వర్డ్ చేసేముందు ఇది నిజమా, ఎవరికైనా హాని చేస్తుందా అని ఆలోచించండి.